బండి సీజ్ అయితే ముందు చూడాల్సింది మహజరులో సెక్షన్

వరిమడిలో మట్టి పోస్తుండగా టిప్పర్‌నీ, పక్కనే చదును చేస్తున్న జేసీబీనీ పట్టుకుపోయారు. బండి పాలక్కాడ్ జిల్లాలో, ఓనరు చెన్నై రెడ్‌హిల్స్‌లో. ఈఎమ్ఐ తారీఖు మాత్రం ఆగదు. ఇలాంటప్పుడు ఫోన్‌లో వకీలును అడిగే మొదటి మాట "ఎంత కడితే వదులుతారు సార్?" ఆ ప్రశ్నకు ఏ వకీలూ నిజాయితీగా వెంటనే జవాబు చెప్పలేడు. ఎందుకంటే అదే మట్టి, అదే బండి, అదే డ్రైవరు అయినా, మహజరులో (బండి పట్టుకున్నచోట అధికారి రాసే పంచనామాలో) రాసిన చట్టం మారితే బండి వదిలే అధికారి మారతాడు, కోర్టు మారుతుంది, పనికొచ్చే వాదనా మారుతుంది.

మాధవరం, రెడ్‌హిల్స్, పూనమల్లి వైపు నుంచి టిప్పర్లూ జేసీబీలూ నడిపే తెలుగువాళ్లకు వాల్టా (నీరు, భూమి, చెట్ల చట్టం) కేసులు తెలుసు, ఊళ్లో ఇసుక ట్రాక్టర్ల సంగతీ తెలుసు. ఆ అనుభవంతోనే కేరళ వరిభూమి చట్టాన్నీ, తమిళనాడులో వాడే ఖనిజాల చట్టాన్నీ అంచనా వేస్తారు. అక్కడే దెబ్బ తింటారు.

ముందుగా రెండు మాటలు విడదీసుకోవాలి. సీజ్ అంటే బండిని అధికారి తాత్కాలికంగా స్వాధీనం చేసుకోవడం. అప్పటికి బండి ఇంకా మీదే. జప్తు అంటే ఆర్డర్ వేసి బండిని ప్రభుత్వ ఆస్తి చేయడం. ఈ రెండింటి మధ్య ఉన్న రోజుల్లోనే కేసు గెలవడమో ఓడడమో జరుగుతుంది. జప్తు ఆర్డర్ వచ్చాక మేలుకున్నవాడు సగం దూరం వెనక్కి నడవాలి.

కేరళ చట్టం ఏం అంటుంది

కేరళ వరిభూమి, తడిభూమి సంరక్షణ చట్టం 2008లో వచ్చింది. 2008 ఆగస్టు 12 నుంచి అమలు. దాని వెనుక కారణం బరువైనదే: 1970లలో దాదాపు 8.8 లక్షల హెక్టార్లు ఉన్న వరిసాగు ఇప్పుడు 2 లక్షల హెక్టార్ల చుట్టుపక్కలకు పడిపోయింది. వరిమడి అంటే తిండిగింజలే కాదు, వానాకాలం నీటిని పట్టి భూమిలోకి దింపే పళ్లెం కూడా. దాన్ని పూడిస్తే పక్కవాడి బావి ఎండుతుంది, ఎదుటివాడి ఇల్లు మునుగుతుంది.

చట్టం బండ్ల మీద ఇంత గట్టిగా ఎందుకు పడుతుందో ఒక లెక్క వేస్తే తెలుస్తుంది. 10 సెంట్ల మడి అంటే 4,356 చదరపు అడుగులు. 3 అడుగుల ఎత్తు పూడ్చాలంటే 13,068 ఘనపుటడుగుల మట్టి కావాలి, అంటే సుమారు 130 యూనిట్లు (యూనిట్ అంటే 100 ఘనపుటడుగులు). బండికి 4 యూనిట్ల చొప్పున 33 ట్రిప్పులు. నాలుగు టిప్పర్లు పెడితే తలా ఎనిమిదో తొమ్మిదో ట్రిప్పులు, ఒక్క రాత్రి పని. తెల్లారేసరికి అక్కడ మడి ఉండదు. తిరిగి మట్టి తీయించమని కలెక్టర్ 13వ సెక్షన్ కింద ఆదేశించవచ్చు, కానీ అది అమలయ్యేసరికి కాలం గడిచిపోతుంది. 23వ సెక్షన్ కింద 6 నెలల నుంచి 2 ఏళ్ల జైలు, 50 వేల నుంచి లక్ష రూపాయల జరిమానా ఉన్నా, ఒక ప్లాటు లాభం ముందు ఆ లక్ష చిన్నది. నిజంగా భయపెట్టేది బండి పోవడమే. ఈ సంగతి జడ్జీలకు బాగా తెలుసు. కనుక "బతుకుతెరువు పోతోంది" అన్న ఒక్క మాట మీద నిలబడే పిటిషన్ అక్కడ బలహీనం.

సీజ్ రిపోర్టు కలెక్టర్‌కు వెళ్తుంది, 20వ సెక్షన్ కింద జప్తు తేల్చేది ఆయనే. అయితే ఓనరుకు నోటీసు ఇవ్వకుండా, చెప్పుకునే అవకాశం ఇవ్వకుండా జప్తు చేయకూడదు. జప్తుకు బదులు బండి విలువకు ఒకటిన్నర రెట్లు కట్టి విడిపించుకునే దారి కూడా ఉంది. ఇక్కడ చాలామంది పట్టించుకోనిది బండి విలువ ఎవరు, ఎలా కట్టారన్నది. టిప్పర్ విలువ 12 లక్షలని కడితే 18 లక్షలు చెల్లించాలి. 20 లక్షలని కడితే 30 లక్షలు. ఆ తేడా కోసం మీ ఇన్సూరెన్స్ పాలసీలో రాసిన ఐడీవీ (బీమా కోసం కట్టిన బండి విలువ), తయారైన సంవత్సరం, ఫైనాన్స్ కంపెనీ వాల్యుయేషన్, జేసీబీ అయితే అవర్ మీటర్ రీడింగ్, అన్నీ రాతపూర్వకంగా ఫైలులో పెట్టాలి. విలువ మీద అభ్యంతరం కలెక్టర్ ముందు చెప్పకుండా హైకోర్టులో మొదటిసారి చెబితే, "అక్కడ ఎందుకు అడగలేదు?" అన్న ప్రశ్న వస్తుంది.

అసలు పోరాటం భూమి మీద

కేరళ కేసుల్లో బండి ఓనరుకు నిజంగా బలమిచ్చే వాదన బండి గురించి కాదు, భూమి గురించి. అది చట్టం చెప్పిన వరిభూమి కానప్పుడు, తడిభూమీ కానప్పుడు, ఈ చట్టం కింద బండి పట్టుకునే అధికారమే నిలవదు.

వరిభూమి నిర్వచనం వెడల్పైనది. ఏడాదికి ఒక్కసారైనా వరి పండే నేల, లేదా వరికి అనువుగా ఉండి బీడు పడిన నేల, దానికి సంబంధించిన గట్లు, కాలువలు, చెరువులు కూడా అందులోకి వస్తాయి. తడిభూమి అంటే నేలకూ నీటికీ మధ్యస్థంగా, నీరు నిలిచో మెల్లగా కదులుతూనో ఉండే చోటు: బ్యాక్‌వాటర్లు, మడ అడవులు, బురద నేలలు. వరిభూములూ నదులూ ఆ నిర్వచనంలో లేవు. కాబట్టి ఆర్డర్‌లో "వరిభూమి లేదా తడిభూమి" అని గుడ్డిగా రాసేస్తే అది లోపమే. రెండింటిలో ఏదో అధికారి చెప్పాలి, ఎందుకో కూడా చెప్పాలి.

చూడాల్సిన రికార్డు డేటా బ్యాంక్. అగ్రికల్చరల్ ఆఫీసర్, విలేజ్ ఆఫీసర్ ఉండే స్థానిక కమిటీ సర్వే నంబర్లవారీగా దీన్ని తయారుచేస్తుంది. నేల స్వభావాన్ని 2008 ఆగస్టు 12 నాటి స్థితిని బట్టి చూస్తారు. ఆ తేదీకి ముందే పూడ్చి, కొబ్బరిచెట్లు పెరిగి, ఇల్లు కట్టిన నేల డేటా బ్యాంక్‌లో పొరపాటున చేరితే, భూమి యజమాని ఫారం 5లో సవరణ కోరవచ్చు. అప్పుడు కేరళ రిమోట్ సెన్సింగ్ కేంద్రం పాత ఉపగ్రహ చిత్రాల రిపోర్టు చాలా బరువు తూగుతుంది. చెట్ల నీడ, కట్టడం, నీటి మెరుపు, ఏ ఏడాది ఏం ఉందో అందులో కనిపిస్తుంది.

ఒక ముడి ఇక్కడే ఉంది. గ్రామ రికార్డులో 'నిలం' (మడి నేల) అని ఉండి, డేటా బ్యాంక్‌లో లేని భూములు చాలా ఉన్నాయి. 2018 సవరణ వాటికి 27ఎ సెక్షన్ పెట్టింది. అలాంటి నేలను మార్చాలన్నా ఆర్డీఓ అనుమతి, విస్తీర్ణాన్ని బట్టి ఫీజు కావాలి. భూమి యజమాని "డేటా బ్యాంక్‌లో లేదు, పోసేయండి" అని టిప్పర్‌వాళ్లకు చెప్పేది ఈ భూముల గురించే. అతని మాటలో సగమే నిజం. అలాగని అక్కడ పట్టుకున్న బండిని డేటా బ్యాంక్‌లో ఉన్న వరిమడిలో పట్టుకున్న బండితో సమానంగా చూడటం కూడా సరికాదు. ఈ తేడాను నోటీసుకు ఇచ్చే జవాబులో విడమరిచి చెప్పాలి.

చెన్నైలో అదే పని, వేరే చట్టం

తమిళనాడులో కేరళ చట్టానికి జోడీ లేదు. ఇక్కడ మడిలోకో చెరువులోకో మట్టి తోలుతూ దొరికిన టిప్పర్ మీద ఎక్కువగా పడేది 1957 నాటి గనులు, ఖనిజాల చట్టం. "మట్టి ఖనిజమా?" అని ఆశ్చర్యపోతారు. రోడ్లు, కట్టలు, భవనాల కోసం పూడ్చడానికీ చదును చేయడానికీ వాడే మామూలు మట్టిని కేంద్రం 2000 ఫిబ్రవరి 3న చిన్న ఖనిజంగా ప్రకటించింది. చెన్నైలో అపార్ట్‌మెంట్ బేస్‌మెంట్ తవ్వి తీసిన మట్టి కూడా వేరేచోట పూడ్చడానికి వెళ్తే ఈ లెక్కలోకి వస్తుంది. ఆ మట్టిని దేనికి వాడారన్నదే ముఖ్యమని 2014లో పూణె బిల్డర్ల కేసులో సుప్రీంకోర్టు అంది. అదే స్థలంలో వాడారా, బయటికి తోలారా అన్న రుజువు అందుకే అవసరం.

ఈ ఖనిజాల చట్టం 21(4) సెక్షన్ కింద బండి సీజ్ అవుతుంది. 21(4ఎ) కింద జప్తు చేసేది కలెక్టర్ కాదు, కేసు విచారించే కోర్టు. కేరళ చట్టంతో పోలిస్తే ఇది పెద్ద తేడా. 22వ సెక్షన్ ప్రకారం అధీకృత అధికారి రాతపూర్వక ఫిర్యాదు ఉంటేనే కోర్టు ఈ నేరాన్ని విచారణకు తీసుకోవాలి. అందుకే పోలీసులు ఖనిజాల చట్టంతోపాటు దొంగతనం సెక్షన్ కూడా పెడతారు, ఇప్పుడది బీఎన్‌ఎస్ (ఐపీసీ స్థానంలో వచ్చిన భారతీయ న్యాయ సంహిత) 303(2). రెండూ వేర్వేరు నేరాలేనని 2014లో సంజయ్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది.

ఇక్కడ ఒక ఉచ్చు ఉంది. "కాంపౌండింగ్ ఫీజు (కేసు రాజీకి కట్టే సొమ్ము) కట్టేయండి, అయిపోతుంది" అంటారు. 23ఎ కింద కడితే ఖనిజాల చట్టం కేసు ఆగుతుంది నిజమే. దొంగతనం కేసు మాత్రం నడుస్తుందని 2020 డిసెంబర్‌లో జయంత్ కేసు తీర్పు చెప్పింది. పైగా మీరు కట్టిన రసీదునే ఒప్పుకోలుగా చూపించే ప్రయత్నం జరుగుతుంది. ఎఫ్ఐఆర్‌లో ఏ సెక్షన్లు ఉన్నాయో చూడకుండా ఆ ఫీజు కట్టొద్దు.

తడిభూముల కేంద్ర నిబంధనలు, 2017 సంగతి వేరు. 2022లో రామ్‌సర్ (అంతర్జాతీయ తడిభూముల జాబితా) గుర్తింపు పొందిన చెన్నై పళ్లికరణై చిత్తడి లాంటి చోట ఆక్రమణ, పూడిక, చెత్త పోయడం నిషిద్ధం. కానీ వాటి నిర్వచనం వరిపొలాలను బయట పెట్టింది. వాటి మాతృక అయిన పర్యావరణ పరిరక్షణ చట్టం 10వ సెక్షన్ కింద పట్టుకునేది సాక్ష్యం కోసం, లేదా కాలుష్యాన్ని ఆపడం కోసం. బండిని ప్రభుత్వపరం చేసే అధికారం అందులో లేదు. జన్ విశ్వాస్ సవరణ తర్వాత, 2024 ఏప్రిల్ 1 నుంచి, 15వ సెక్షన్ జైలుశిక్ష స్థానంలో 10 వేల నుంచి 15 లక్షల దాకా జరిమానా వచ్చింది.

మన పులికాట్ దగ్గర మళ్లీ మారుతుంది. పక్షుల అభయారణ్యం హద్దులో దొరికితే వన్యప్రాణి చట్టం. నేరానికి వాడిన వాహనం ప్రభుత్వ ఆస్తి అని 39(1)(డి) అంటుంది. "సీజ్ చేసిన రోజే బండి ప్రభుత్వానిదైపోయింది" అన్న వాదనను మాత్రం సుప్రీంకోర్టు 2008లో మధుకర్‌రావు కేసులో ఒప్పుకోలేదు. నేరం జరిగిందని కోర్టు తేల్చాకే ఆ సెక్షన్ పనిచేస్తుంది, ఈలోగా మెజిస్ట్రేట్ బండి వదలవచ్చు.

ఏ తలుపు తట్టాలి

సీజ్ అయిన బండ్లను స్టేషన్ల ముందు ఎండకూ వానకూ వదిలేయకూడదని, ఫోటోలు తీసి, పంచనామా రాసి, తగిన పూచీకత్తుతో త్వరగా ఇచ్చేయాలని 2002లో సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ప్రతి రిలీజ్ పిటిషన్‌లోనూ మొదటి పేరా ఇదే. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 451 సెక్షన్ ఇప్పుడు బీఎన్‌ఎస్‌ఎస్ (భారతీయ నాగరిక సురక్షా సంహిత) 497 అయింది. దాని ప్రకారం ఆస్తిని కోర్టు ముందుంచిన 14 రోజుల్లో వివరాల పట్టిక తయారుచేయాలి, ఫోటోలూ వీడియోలూ తీయించాలి, ఆ తర్వాత 30 రోజుల్లో అప్పగింత మీదో మరో రకంగానో ఆర్డర్ వేయాలి. ఈ గడువులను పిటిషన్‌లో తేదీలతో సహా రాయండి.

సుందర్‌భాయ్ తీర్పు అన్ని చోట్లా పనిచేయదు. చట్టమే జప్తు అధికారాన్ని వేరే అధికారికి ఇచ్చి, ఆయన ప్రక్రియ మొదలుపెట్టాక, మెజిస్ట్రేట్ చేతులు కట్టేసినట్టేనని అటవీ చట్టాల కేసుల్లో సుప్రీంకోర్టు అంది. 2004లో సుజిత్ కుమార్ రాణా, 2019లో ఉదయ్ సింగ్ తీర్పులు ఇవి. కేరళ కేసులోనూ ప్రభుత్వ వకీలు ఈ తర్కాన్నే ముందుకు తెస్తాడు. అందుకని అక్కడ మెజిస్ట్రేట్ దగ్గర నెల పోగొట్టుకోవడం కన్నా కలెక్టర్ ముందు తాత్కాలిక రిలీజ్ దరఖాస్తు వేసి, అక్నాలెడ్జ్‌మెంట్ తీసుకుని, తేల్చకపోతే గడువు పెట్టమని ఎర్నాకుళంలోని హైకోర్టులో రిట్ వేయడం మేలు. ఆ దరఖాస్తు కాపీ లేకుండా నేరుగా రిట్ వేస్తే "ముందు అక్కడికి వెళ్లండి" అనిపించుకుని తిరిగి రావడమే.

చెన్నైలో ఖనిజాల చట్టం కేసైతే పిటిషన్ పడాల్సింది విచారణ కోర్టులో. ఇక్కడ ప్రాసిక్యూషన్ ముందు పెట్టేది 2018 అక్టోబర్ 29 నాటి మద్రాసు హైకోర్టు మధురై బెంచ్ తీర్పు. అక్రమ ఇసుక బండ్లను మధ్యంతరంగా వదలొద్దని, జప్తు దిశగా వెళ్లాలని చెప్పిన తీర్పది. దానికి ఎదురుగా నిలబడాలంటే మీ కేసు వాస్తవాలు వేరని చూపించాలి: పర్మిట్ ఉంది, తీసింది నది ఇసుక కాదు, తవ్విన చోటు పట్టా భూమి, పాస్‌లో (మట్టి తోలడానికిచ్చే రవాణా చీటీలో) రాసిన సమయానికే బండి రోడ్డు మీద ఉంది. కింది కోర్టు కాదంటే 90 రోజుల్లో హైకోర్టులో రివిజన్.

నేరుగా రిట్‌కు వెళ్లాలంటే కారణం గట్టిది కావాలి. నోటీసు ఇవ్వలేదు, అధికారం లేని ఆఫీసర్ ఆర్డర్ వేశాడు, ప్రాథమిక హక్కు దెబ్బతింది. 1998 వర్ల్‌పూల్ కేసు నుంచి కోర్టులు అప్పీలు దారి ఉన్నా రిట్ వినే సందర్భాలు ఇలాంటివే.

నిలబడే వాదనలు, కూలే వాదనలు

"నాకు తెలియదు, డ్రైవర్ చేశాడు" అన్నది అందరూ మొదట చెప్పే మాట. అటవీ, మాదకద్రవ్యాల చట్టాల్లో ఓనరుకు ఈ రక్షణ ఉంది, కానీ దాన్ని జాగ్రత్తగా చదవండి. ఓనరుకు, అతని ఏజెంటుకు, బండి మీదున్న మనిషికి, ముగ్గురికీ తెలియకూడదు, ముగ్గురూ తగిన జాగ్రత్తలు తీసుకుని ఉండాలి. రాత్రి రెండింటికి హెడ్‌లైట్లు ఆర్పి మడిలోకి దిగిన డ్రైవర్‌కు తెలియదని ఏ కోర్టూ నమ్మదు. నిజంగా అమాయకుడైన ఓనరు చూపించాల్సింది బాడుగ ఒప్పందం, అందులో "చట్టబద్ధమైన చోటే వాడాలి" అన్న షరతు, వర్క్ ఆర్డర్, ఆ రోజు వాట్సాప్‌లో పంపిన లొకేషన్. 2025 జనవరిలో బిశ్వజిత్ దే కేసులో మాదకద్రవ్యాల చట్టం కింద పట్టుకున్న లారీని కూడా సుప్రీంకోర్టు షరతులతో ఓనరుకు వదిలింది. అక్కడ ఓనరూ డ్రైవరూ నిందితులు కారు, సరుకు దొరికింది ఎక్కిన మనిషి దగ్గర. ఆ తేడా చెప్పకుండా తీర్పు కాపీ ఒక్కటే జతచేస్తే ఎదుటి వకీలు చెబుతాడు.

కేసు కొట్టేశాక కూడా బండి ఇవ్వలేదంటే 2022 నాటి అబ్దుల్ వహాబ్ తీర్పు అక్కరకొస్తుంది. పశువుల రవాణా కేసులో నిందితులు నిర్దోషులుగా తేలినా జిల్లా మెజిస్ట్రేట్ లారీని జప్తు చేయడాన్ని సుప్రీంకోర్టు కొట్టేసింది. రాజ్యాంగం 300ఎ అధికరణం కింద ఆస్తి హక్కును గుర్తుచేసింది.

కొలతల్లో చాలా కేసులు కూలిపోతాయి, రెండు పక్షాలవీ. యూనిట్ అంటే 100 ఘనపుటడుగులు, అంటే 2.83 ఘనమీటర్లు. తడి మట్టి అయితే యూనిట్‌కు సుమారు 4.5 నుంచి 5 టన్నులు తూగుతుంది. పాస్ ఘనమీటర్లలో, వేబ్రిడ్జ్ స్లిప్ టన్నుల్లో, మహజరు యూనిట్లలో ఉంటే మూడింటినీ ఒకే కొలతలోకి మార్చి పట్టిక వేయండి. పాస్‌లో 2 యూనిట్లు, బండి బరువు పోను తూకంలో 19 టన్నులు ఉంటే మీ పాస్ మీకే ఎదురు సాక్ష్యం. ఫాస్టాగ్ వివరాలు, జీపీఎస్ రికార్డు, జేసీబీ అయితే లైవ్‌లింక్ (బండి ఎక్కడుందో, ఎంతసేపు పనిచేసిందో కంపెనీకి పంపే వ్యవస్థ) డేటా కూడా అంతే. వాటిని కోర్టుకిచ్చే ముందు మీరే నిమిషం నిమిషం చదవాలి.

డ్రైవర్ సంతకం మరో చోటు. తెలుగు తప్ప చదవలేని మనిషి మలయాళంలోనో తమిళంలోనో రాసిన వాంగ్మూలం కింద సంతకం పెడతాడు. పోలీసు ముందు చేసిన ఒప్పుకోలు అతని మీద రుజువు కాదు. రెవెన్యూ అధికారి ముందు ఇచ్చిన వాంగ్మూలానికి ఆ రక్షణ ఉందనుకోవద్దు. తెలుగులో చదివి వినిపించారని అందులో లేకపోతే, మొదటి జవాబులోనే ఆ అభ్యంతరం రాయాలి. ఆరు నెలల తర్వాత గుర్తొచ్చిన అభ్యంతరానికి విలువ తగ్గుతుంది. అలాగే సోదా, సీజ్ వీడియో తీయాలని బీఎన్‌ఎస్‌ఎస్ 105 అంటుంది. వీడియో కాపీ అడగండి.

కాగితాలూ, నిలబడిపోయిన బండీ

కోర్టు ఆర్డర్ వచ్చాక కూడా బండి కదలకపోవడానికి మామూలు కారణం ఆర్‌సీ. సెకండ్‌హ్యాండ్‌లో కొని పేరు మార్చుకోనివాడు ఓనరుగా పిటిషన్ వేయలేడు. పాత ఓనరు నెల్లూరులోనో ఒంగోలులోనో ఉండి ఫోన్ ఎత్తడు. ఫైనాన్స్ ఉంటే హైపోథెకేషన్ (లోను తాకట్టు) ఎవరి పేరన ఉందో చూసి, ఆ కంపెనీ అభ్యంతరం లేదని లేఖ ముందే తెచ్చుకోండి. లేకపోతే రిలీజ్ రోజున గేటు బయట రికవరీ మనుషులు నిలబడతారు. సాధారణంగా పెట్టే షరతులు: బాండు, జామీనుదారు, ఒరిజినల్ ఆర్‌సీ డిపాజిట్, అమ్మకూడదు, రంగూ రూపూ మార్చకూడదు, పిలిచినప్పుడు తేవాలి. ఇందులో ఒక్కటి తప్పినా బండి తిరిగి తీసుకుంటారు. రెండోసారి అదే పనిలో దొరికితే మొదటి బాండు కూడా పోతుంది.

సీజ్ జరిగిన రోజే బ్యాటరీ నంబర్లు, టైర్ల నంబర్లు, స్టెప్నీ, జాకీ, టార్పాలిన్, డీజిల్ మట్టం, జేసీబీ బకెట్ పళ్లు, అవర్ మీటర్ అన్నీ మహజరులో రాయించుకోవాలి. రాయనంటే అదే రోజు ఫోటోలతో రిజిస్టర్డ్ పోస్టులో లేఖ పంపాలి. యార్డులో నెలల తరబడి నిలబడితే బ్యాటరీ చస్తుంది, టైర్లు ఒకచోటే నొక్కుకుపోతాయి, బయటికి చాచి వదిలేసిన హైడ్రాలిక్ రాడ్లు తుప్పు పడతాయి, ఆ తుప్పు తర్వాత సీళ్లను కోస్తుంది. అందుకే జేసీబీ రాడ్లు వీలైనంత లోపలికి తీసి బకెట్ నేలకు ఆనించి నిలపనివ్వమని, బ్యాటరీ తీసుకెళ్లనివ్వమని, నెలకోసారి ఇంజన్ తిప్పనివ్వమని చిన్న దరఖాస్తు వేయవచ్చు. బండి తిరగడం లేదని ఆర్టీఓకు కూడా రాతపూర్వకంగా తెలియజేయండి. లేకపోతే ట్యాక్స్ బకాయి, ఎఫ్‌సీ (ఫిట్‌నెస్ సర్టిఫికెట్) గడువు, ఇన్సూరెన్స్ లాప్స్ మూడూ కలిసి విడుదల రోజున ఎదురొస్తాయి.

కొత్త లోడుకు ఒప్పుకునే ముందు భూమి యజమానిని నాలుగు అడగండి: సర్వే నంబర్ ఎంత, గ్రామ రికార్డులో నిలమా పురయిడమా (మెట్ట నేలా), డేటా బ్యాంక్‌లో ఉందా, మట్టి ఎక్కడి పాస్ మీద వస్తోంది. అన్నీ కాగితం మీద ఇమ్మనండి. పగటిపూట వెళ్లి చూడండి కూడా. చుట్టూ గట్లు, మధ్యలో తేమ, పక్కన కాలువ కనిపిస్తే, అతను ఏం చెప్పినా అది మడే. ఆ 33 ట్రిప్పుల బాడుగ బండి విలువలో చిన్న ముక్క, పూడ్చిన మడి మాత్రం ఆ ఊరికి మళ్లీ రాదు. రాత్రికే పని అయిపోవాలని తొందరపెట్టేవాడి దగ్గరకు బండి పంపకండి.